రాబోయే తరానికి తొమ్మిది నుంచి పది

మా పురపాలక కార్యాలయం వరండాలో ఒక నల్లబల్ల ఉంది. రోజూ ఉదయం పదిన్నరకు దాని మీద ఒక మంచిమాట రాయడం తొమ్మిదేళ్ళుగా నా పని. ఎవరూ ఉత్తర్వు ఇచ్చి దీన్ని నాకు అప్పగించలేదు. ఉద్యోగంలో చేరిన కొత్తలో నా చేతిరాత గుండ్రంగా ఉందని ఎవరో అన్నారు. గుండ్రటి చేతిరాత ఉన్న గుమాస్తాకు ఏ కార్యాలయంలోనూ విడుదల ఉండదు.

మంచిమాట కింద కమిషనర్ సుద్దముక్కతో సంతకం చేస్తారు. వెనకెప్పుడో ఎవరో ఆ బల్ల మీద అప్పటి కమిషనర్ గారి బొజ్జ గురించి రెండు వాక్యాలు రాశారట. అప్పటినుంచి బల్ల మీద ఏది రాసినా కింద అధికారి సంతకం ఉండాలని నిబంధన వచ్చింది. నేను రాస్తాను, వారు సంతకం చేస్తారు, ఎవరూ చదవరు. ఆరోగ్యకరమైన ఏర్పాటు. మంచిమాటకు ఒక గుణం ఉందని నేను చాలాకాలంగా గమనిస్తున్నాను. రాస్తున్నంతసేపూ ఆ మంచిపని మనం చేసేసినట్టే ఉంటుంది. సమయపాలన గురించి రాసిన రోజుల్లో నేను అరగంట ముందే ఇంటికి వెళ్ళిపోయేవాణ్ణి, మనసులో ఏ కలతా లేకుండా.

వామనమూర్తి గారు కమిషనర్‌గా వచ్చిన ఏడాదికి ఈ ఏర్పాటు చెడింది. ఆయనను పైవాళ్ళు మూడు రోజుల విలువల సదస్సుకు పంపారు. ఎక్కడో కొండ మీద, పొగమంచులో జరిగిందట. తిరిగి వచ్చేటప్పుడు ఆయన చేతిలో ఆకుపచ్చ అట్ట వేసిన పుస్తకం, ముఖంలో ఒక మెత్తదనం ఉన్నాయి. ఆ మెత్తదనం చూసి మాకు భయం వేసింది. కోపంగా ఉన్న అధికారి సాయంత్రానికి అలసిపోతాడు. ప్రేరణ పొందిన అధికారి అలసిపోడు.

మర్నాడే సిబ్బంది అందరినీ హాల్లో కూర్చోబెట్టారు.

"నిజాయితీ, సంరక్షకత్వం, భావితరాల పట్ల బాధ్యత. ఇకనుంచి ఈ కార్యాలయం ఈ మూడు స్తంభాల మీద నిలబడుతుంది" అన్నారు. తర్వాత నావైపు తిరిగారు. "ఇప్పటివరకు మన బల్ల మీద ఎన్ని మంచిమాటలు వెలువడ్డాయి?"

"సుమారు రెండు వేల ఏడు వందలు సార్."

"వాటి మీద తీసుకున్న చర్య?"

నేను వేళ్ళకంటిన సుద్ద తుడుచుకున్నాను.

"అంటే రెండు వేల ఏడు వందల మంచిమాటలు ఈ కార్యాలయంలో పెండింగులో ఉన్నాయి." ఆయన గొంతులో నిజమైన బాధ ఉంది. "నా సంతకం ఉన్న ప్రతి వాక్యమూ ఉత్తర్వే. ఇకమీదట ఏ రోజు మంచిమాట మీద ఆ రోజు సాయంత్రం అయిదులోగా చర్యా నివేదిక సమర్పించవలెను."

మొదటివారం తేలిగ్గానే గడిచింది. "మనసును రోజూ ఊడ్చుకో" అన్న మాట మీద పారిశుధ్య విభాగం వారు, "ఊడ్చుకోవడమైనది, నలభై ఇద్దరు, మిగిలినవారు సెలవులో ఉన్నందున తిరిగి రాగానే ఊడ్పించబడును" అని నివేదిక ఇచ్చారు. "ఎదుటివాడిలో నిన్ను చూసుకో" అన్న రోజు సిబ్బందిని ఇద్దరిద్దరిగా ఎదురెదురుగా పావుగంట కూర్చోబెట్టారు. అందులో ఇద్దరు ఇప్పటికీ మాట్లాడుకోవడం లేదు. "నిజాయితీపరుడి నీడ కూడా నిటారుగా ఉంటుంది" అన్నదాన్ని పట్టణ ప్రణాళికా విభాగానికి పంపితే, వాళ్ళు టేపు పట్టుకుని మధ్యాహ్నం పన్నెండుకు మమ్మల్ని ఆవరణలో నిలబెట్టి కొలిచారు. ఆ సమయంలో సిబ్బందిలో ఎవరికీ నీడ లేదని తేలింది. నివేదిక అలాగే పోయింది.

ఈలోగా నాకొక ఇబ్బంది వచ్చిపడింది. నేను రాసే మంచిమాటలన్నీ రోజుకో కాగితం చింపే క్యాలెండరు వెనకవైపు అచ్చయినవి. చింపిన కాగితాలను ఒక బిస్కెట్ డబ్బాలో దాచుకునేవాణ్ణి. మార్చి నెలలో ఒక ఉదయం డబ్బా అడుగు కనిపించింది. అప్పటినుంచి మాటలు సొంతంగా కట్టడం మొదలుపెట్టాను. నా పేరు పెడితే ఎవరూ గౌరవించరని తెలుసు గనుక ప్రతి వాక్యం చివర "ఒక మహనీయుడు" అని రాసేవాణ్ణి. మూడో వీధిలో, దర్జీ కొట్టు పైగదిలో ఒంటరిగా బతికే మనిషిని. నా మాట కింద ఆ రెండు ముక్కలు రాసినప్పుడల్లా ఒంట్లో సన్నటి వెచ్చదనం పుట్టేది. అది ఏమిటో నాకు తెలియక కాదు.

అలా ఒకరోజు రాశాను: "మన దాహం తీరకముందే రాబోయే తరానికి నీళ్ళు వదలాలి. ఒక మహనీయుడు."

నా ఉద్దేశం మిగల్చాలని.

మధ్యాహ్నం ఓబులేసు కమిషనర్ గారి గది ముందు నిలబడ్డాడు. కొండ మీది ట్యాంకు దగ్గర వాల్వులు తిప్పేది అతనే. ఇరవై రెండేళ్ళుగా తిప్పుతున్నాడు. భుజాన వాల్వు తిప్పే పొడుగాటి ఇనప తాళం, చెవిలో బీడీ. అతని భాషలో నీళ్ళు వదలడం అంటే ఒకటే అర్థం.

"సార్, బోర్డు మీద చూసినా. రాబోయే తరానికి నీళ్ళు ఇడవమని రాసినారు. అది యా వార్డు కింద వస్తాది సార్? ఎన్ని గంటలకు ఇడవల్ల?"

నేను నవ్వబోయాను. వామనమూర్తి గారు నవ్వలేదు. కుర్చీలో ముందుకు వంగారు.

"చూశారా?" అన్నారు నాతో. "సదస్సులో మూడు రోజులూ ఇదే చెప్పారు. విలువల్ని కింది స్థాయి ఉద్యోగి ముందుగా అందుకుంటాడు. భావితరాలకు నీళ్ళు మిగల్చాలని అందరూ అంటారు. వేళ కేటాయించినవాళ్ళు ఎవరు?"

కొండ మీది ట్యాంకు నుంచి కిందనున్న పేటలో నాలుగు వీధులకు నీళ్ళు వస్తాయి. ఉదయం ఆరు నుంచి ఏడు మొదటి వీధి, ఏడు నుంచి ఎనిమిది రెండో వీధి, ఎనిమిది నుంచి తొమ్మిది మూడో వీధి, తొమ్మిది నుంచి పది నాలుగో వీధి. కమిషనర్ గారు ఫిర్యాదుల రిజిస్టరు తెప్పించారు.

"నాలుగో వీధి నుంచి మూడేళ్ళలో ఒక్క ఫిర్యాదు కూడా లేదు. సంతృప్తి చెందిన ప్రజలు. త్యాగానికి వీరే అర్హులు."

నాలుగో వీధి వాళ్ళందరూ నీళ్ళు పట్టుకోగానే పనికిపోయి పొద్దుగూకి వస్తారనీ, మా ఫిర్యాదుల కౌంటరు పదిన్నర నుంచి అయిదు వరకే ఉంటుందనీ నాకు తెలుసు. చెప్పాలనుకున్నాను. అప్పటికే ఆయన కొత్త వేళల పట్టిక రాయమని అట్టముక్క నా చేతికిచ్చారు. గుండ్రంగా రాశాను. చివరి వరుసలో "రాబోయే తరం: తొమ్మిది నుంచి పది" అని.

మర్నాటి నుంచి ఓబులేసు తొమ్మిది కొట్టగానే నాలుగో వీధి వాల్వు పక్కన బండ మీద కూర్చుని, గంటసేపు దాన్ని తిప్పకుండా కాపలా కాసి, రిజిస్టరులో "రాబోయే తరానికి ఒక గంట" అని రాసి వచ్చేవాడు. ఆ గంట నీళ్ళు ట్యాంకులోనే ఉండేవి. కానీ రాత్రి మోటారు మామూలుగానే నింపేది గనుక తెల్లవారేసరికి ట్యాంకు పొర్లి, నీళ్ళు రాళ్ళ మీదుగా కొండ వెనక్కు కారిపోయేవి. నెల తిరిగేసరికి అక్కడ పచ్చగా గడ్డి మొలిచింది. మేకలు మేశాయి. నివేదికలో దాన్ని "భావితరాల నిమిత్తం పచ్చదనం అభివృద్ధి" అని చూపించాం.

నాలుగో రోజునే మాబున్ని వచ్చింది. పరుపులు కుట్టే దూదేకుల వాళ్ళ కోడలు, నాలుగో వీధి చివరి ఇల్లు. భర్త లారీ మీద వెళితే పదిరోజులకు గాని రాడు. అత్తకు చూపు ఆనదు. ఆ పిల్లకు ఆరో నెల.

ఫిర్యాదుల కౌంటరులో ఉన్నది నేనే.

"సార్, మా వీధి పేరు తీసేసి ఇంకెవురిదో పేరు రాసినారంట. ఎవురు సార్ వాళ్ళు?"

"రాబోయే తరం అమ్మా."

"యా ఊరోళ్ళు?"

"ఊరని కాదు. ఇంకా రాలేదు."

"ఎప్పుడొస్తారు?"

"అది చెప్పలేం."

"రానోళ్ళకు నీళ్ళు ఇడిసి ఉన్నోళ్ళకు ఆపేసినారా? పోనీ వాళ్ళు యాడ దిగుతారో చెప్పు సార్, బిందె పట్టుకోని ఆడికే పోతా."

గొంతు విని కమిషనర్ గారు బయటికి వచ్చారు. సదస్సులో నేర్పిన మెత్తటి చిరునవ్వుతో, "అమ్మా, మీరు ఈ పూట కోణంలో ఆలోచిస్తున్నారు. ఒక్క వందేళ్ళ కోణంలో ఆలోచించండి" అన్నారు.

"వందేండ్లు నాకెందుకు సార్. మూడు నెల్లు ఇడిసిపెట్టు చాలు. మూడో వీధి కొళాయి కాడనుంచి దినామూ ఎనిమిది బిందెలు మోస్తాండా. డాక్టరమ్మ ఒగ బిందె గూడా ఎత్తొద్దనింది. ఎత్తితే నిలవదంట."

వరండాలో స్తంభానికి ఆనుకుని ఉన్న ఓబులేసు మెల్లగా అన్నాడు. "సార్, ఆ పాప నీళ్ళు పోసుకున్యాది సార్."

కమిషనర్ గారు నగరంలో పుట్టి నగరంలో చదువుకున్న మనిషి. కనుబొమలు ముడిపడ్డాయి. "నీళ్ళు పోసుకుందా? మరి ఇంకేం? నీళ్ళు పోసుకున్న మనిషి నీళ్ళు లేవని ఫిర్యాదు ఎలా చేస్తుంది? రాసుకోండి" అని నాకు చెప్పారు. "ఫిర్యాదీ నీళ్ళు పోసుకున్నట్లు క్షేత్రస్థాయి సిబ్బంది ధ్రువీకరించినందున, సదరు గృహమున నీటి కొరత లేదని నిర్ధారణ అయినది."

నేను రాసుకున్నాను. డిక్టేషన్ తీసుకునే చేతికి, వినే చెవికి మధ్య ఏళ్ళ తరబడి ఒక గోడ లేస్తుంది. వాక్యం పూర్తయి చుక్క పెట్టాక గాని అర్థం గోడ దూకి ఇవతలికి రాలేదు. మావైపు నీళ్ళు పోసుకుందంటే కడుపుతో ఉందని అర్థమని అప్పుడు చెప్పాను.

ఆయన ముఖం వెలిగిపోయింది. "అంటే రాబోయే తరమే మన కార్యాలయానికి వచ్చిందన్నమాట. కుర్చీ వేయండి."

కుర్చీ వేశారు. మంచినీళ్ళు ఇచ్చారు. ఆమె గటగటా తాగి, ఇంకో గ్లాసు అడిగింది. కమిషనర్ గారు ఆమెకు కాస్త దూరంగా, ఆమె పొట్టను ఉద్దేశించి మాట్లాడుతున్నట్టుగా నిలబడ్డారు. "మీరు మామూలు ఫిర్యాదుగా ఇవ్వకండి. రాబోయే తరం తరఫున తమ వాటా కోరుతూ దరఖాస్తు పెట్టుకోండి. ఇటువంటి దరఖాస్తు దేశంలో ఎక్కడా వచ్చి ఉండదు."

దరఖాస్తు నేనే నింపాను. దరఖాస్తుదారు పేరు దగ్గర "ఇంకా పెట్టలేదు" అని, వయస్సు దగ్గర "మైనస్ మూడు నెలలు" అని రాశాను. మాబున్ని ఆ కాగితాన్ని అటూ ఇటూ తిప్పి చూసి ఓబులేసుతో, "అన్నా, దీంతో నీళ్ళొస్తాయా?" అంది.

"కాయితం పోయినాక వస్తాయంటారు పాపా. కాయితానికి కాళ్ళు ల్యా గదా, రోంత నిదానం."

నిదానంగానే సాగింది. మొదటిసారి దరఖాస్తుదారు సంతకం లేదని వెనక్కి వచ్చింది. తల్లి వేలిముద్ర చాలదా అని రాశాను. తల్లి వర్తమాన తరానికి చెందినందున ప్రయోజనాల మధ్య ఘర్షణ ఉన్నదని జవాబు వచ్చింది. రెండోసారి, దరఖాస్తుదారు రాక తేదీని ధ్రువీకరించాలని అడిగారు. డాక్టరమ్మ "సుమారు జూన్ రెండోవారం" అని రాసిస్తే, "సుమారు" అన్న పదం నిజాయితీ అనే మొదటి స్తంభానికి విరుద్ధమని గుర్తుచేశారు. ఇవన్నీ చేసింది వామనమూర్తి గారే, ఏ దురుద్దేశమూ లేకుండా. ఆ ఫైలంటే ఆయనకు చాలా ప్రేమ. సాయంత్రాలు తెప్పించుకుని ఊరికే తిరగేసేవారు.

నా గది కిటికీ కింద మూడో వీధి కొళాయి ఉంది. దాని పక్కన చిన్న అరుగు. ఎనిమిదిన్నరకు నేను కిటికీ దగ్గర అద్దం పెట్టుకుని గడ్డం గీసుకునేవాణ్ణి. మాబున్ని అప్పుడే వచ్చేది. ఏప్రిల్‌లో ఆమె బిందె చంకనెత్తుకుని, వీధి మలుపులో ఒక్కసారి దించి మళ్ళీ ఎత్తుకునేది. మే వచ్చేసరికి మలుపు చేరేలోపలే రెండుసార్లు దించేది. ఆ తర్వాత బిందె నింపగానే ముందు అరుగు మీద పెట్టి, దాని మీద చెయ్యివేసి, తలవంచుకుని చాలాసేపు నిలబడేది. కొన్నాళ్ళు ఓబులేసు తన సైకిలుకు రెండు బిందెలు కట్టి తీసుకుపోయాడు. వేళల పట్టికలో లేని నీటి రవాణా అని ఎవరో ఫిర్యాదు రాశారు. మెమో వచ్చింది. మానేశాడు.

మే నెల మధ్యలో నేను గడ్డం గీసుకునే వేళను ఏడున్నరకు మార్చుకున్నాను. చల్లగా ఉంటుందని నాకు నేను చెప్పుకున్నాను. మనిషి తనతో చెప్పుకునే కారణాలు ఎప్పుడూ వాతావరణానికి సంబంధించినవే అయి ఉంటాయి.

ఆ నెలంతా బల్ల మీద నేను కరుణ గురించి రాశాను.

జూన్ మొదటివారంలో ప్రసవమైంది. అంతకు ముందురోజు అరుగు దగ్గరే నొప్పులు మొదలయ్యాయని దర్జీ చెప్పాడు. ఆడపిల్ల. తూకం తక్కువ. ఇరవై ఒకటో రోజున మాబున్ని బిడ్డను పాత చీర ముక్కలో చుట్టుకుని కార్యాలయానికి వచ్చింది.

"వచ్చేసింది సార్" అంది కమిషనర్ గారితో. "రాక తేదీ అడుగుతా ఉంటిరి గదా. చూసుకోండి. బిడ్డ గుడ్డలు ఉతికేకి, నీళ్ళు పోసేకి యాడివీ చాల్తా లేవు. ఒంటి మీద పొక్కులు లేస్తాండాయి. ఇంగ మా వీధికి ఇడవండి."

వామనమూర్తి గారు నిజంగానే కదిలిపోయారు. చూపుడువేలితో బిడ్డ అరచేతిని తాకారు. బిడ్డ ఆ వేలిని పట్టుకుంది. వేలు అలా ఉండగానే ఆయన ఫైలు తెరిపించి, చదివి, మెల్లగా మూశారు.

"అమ్మా, మనస్ఫూర్తిగా అభినందనలు. కానీ ఇక్కడొక సాంకేతిక అంశం ఉంది. దరఖాస్తు రాబోయే తరం పేరిట ఉంది. ఈ బిడ్డ వచ్చేసింది. వచ్చినవారు రాబోయేవారు కాజాలరు. కాబట్టి ఈమె ఇప్పుడు వర్తమాన తరం. వర్తమాన తరం త్యాగం చేయవలసి ఉంది."

"ఎవురు? ఇదా?"

"సూత్రం ప్రకారం."

మాబున్ని ఆయనను, బిడ్డను, మళ్ళీ ఆయనను చూసింది. "అయితే మళ్ళా నీళ్ళు పోసుకోమంటారా సార్?"

ఓబులేసు గోడవైపు తిరిగాడు. అతని భుజాలు కదిలాయి. కమిషనర్ గారు మాత్రం ఆ ప్రశ్నను తీవ్రంగానే తీసుకున్నారు.

"అది పూర్తిగా మీ వ్యక్తిగత నిర్ణయం. కార్యాలయం ప్రభావితం చేయజాలదు."

"దరఖాస్తుదారు విచ్చేసినందున ఫైలు మూసివేయడమైనది" అని నేను రాశాను.

ఆమె వెళ్ళిపోతూ నల్లబల్ల ముందు ఆగింది. ఆ రోజు నేను రాసింది నాకు గుర్తుంది: "చేతులు చాచినవారికి తలుపు అడ్డం పెట్టకు. ఒక మహనీయుడు." ఆమె కూడబలుక్కుని చదివింది.

"ఈ మహనీయుడు ఎవురు సార్?"

"ఒక పెద్దాయన."

"ఉండాడా, పోయినాడా?"

"ఉన్నాడు."

"యా వీధిలో ఉంటాడు?"

"మూడో వీధి" అన్నాను, ఆపుకునేలోపే.

ఆమె తలాడించింది. "అయితే ఆయప్పకు నీళ్ళు వస్తాయిలే" అని, బిడ్డ తల మీదికి చీరచెంగు లాగి, మెట్లు దిగింది.

ఆమె అన్నదాంట్లో ఎత్తిపొడుపు లేదు. ఉంటే బాగుండేది. ఎత్తిపొడుపుకు మనసు వెంటనే ఏదో ఒక జవాబు కడుతుంది. ఆ మాటకు మర్నాటి ఉదయం దాకా నా దగ్గర ఏమీ దొరకలేదు.

ఆ ఉదయమే విలువల అమలు తనిఖీకి ప్రాంతీయ సంచాలకులు వస్తున్నారు. వరండాకు కొత్త సున్నం వేశారు. స్తంభాలకు నిజాయితీ, సంరక్షకత్వం, భావితరాలు అని అట్టలు కట్టారు. స్తంభాలు నాలుగు ఉండడంతో నాలుగోదానికి నోటీసు బోర్డు కట్టారు. పదిన్నరకు నేను నల్లబల్ల తుడిచి, సుద్దముక్క తీసుకుని, ఎప్పటిలాగే గుండ్రంగా రాశాను:

"నాలుగో వీధి వాల్వు తిప్పండి. ఒక మహనీయుడు."

గేటు దగ్గర హారన్ మోగింది. వామనమూర్తి గారు చేతిలో పూలదండతో పరుగెత్తుతూ, నేను అందించిన సుద్దముక్క పుచ్చుకుని, వాక్యం కింద సంతకం చేసి, మెట్లు దిగిపోయారు. తొమ్మిదేళ్ళలో ఏ కమిషనరూ చదవలేదు. ఆయన కూడా సంతకం చేసేటప్పుడు చదవరు. సాయంత్రం నివేదికలో చదువుతారు.

సంచాలకులు చిదంబరేశ్వర్ గారు తెల్లటి జుబ్బా వేసుకున్న పొడవాటి మనిషి. కొండ మీది సదస్సులో పాఠాలు చెప్పింది ఆయనే. వరండాలోకి వచ్చి, బల్ల ముందు ఆగారు. చదివారు. కళ్ళజోడు తీసి తుడుచుకుని మళ్ళీ చదివారు. వామనమూర్తి గారు కూడా అప్పుడే చదివారు. ఆయన చెవులు ఎర్రబడడం చూశాను. సస్పెన్షన్ ఉత్తర్వులో ఏ వాక్యాలు ఉంటాయో నాకు తెలుసు. అవి కూడా నేనే రాస్తాను.

సంచాలకులు చాలాసేపటికి ఊపిరి వదిలారు.

"ఎంత లోతు" అన్నారు.

బల్లకు ఇంకాస్త దగ్గరగా జరిగారు.

"మొదటి వీధి శరీరం. రెండోది మనసు. మూడోది బుద్ధి. మనమంతా ఈ మూడు వీధుల్లోనే తిరుగుతూ ఉంటాం. నాలుగో వీధి ఉందన్న సంగతే మరిచిపోతాం. దాని వాల్వు మన చేతిలోనే ఉంది. ఎవరో వచ్చి తిప్పుతారని చూస్తాం." ఆయన కళ్ళలో తడి ఉంది. "ముప్పై ఏళ్ళుగా నేను చెప్పాలనుకుని చెప్పలేకపోయింది ఇదే. వామనమూర్తీ, ఇది ఎవరి మాట?"

"ఒక మహనీయుడిది సార్" అన్నారు వామనమూర్తి గారు, చెవుల ఎరుపు ముఖమంతా వెలుగుగా మారుతుండగా. "ఈ వాల్వు విషయమై మా కార్యాలయంలో మూడు నెలలుగా లోతైన మథనం జరుగుతోంది. ఫైలు కూడా ఉంది."

"ఉండే ఉంటుంది."

అప్పుడు జనంలోంచి ఓబులేసు ముందుకు వచ్చాడు. చెవిలోని బీడీ తీసి జేబులో వేసుకున్నాడు. బల్లను మరోసారి, పెదాలు కదుపుతూ చదువుకున్నాడు. కింద సంతకం చూసుకున్నాడు. తర్వాత వామనమూర్తి గారిని కాకుండా, పెద్దాయన ఎవరో పోల్చుకుని ఆయననే అడిగాడు.

"ఎన్ని చుట్లు తిప్పల్ల సార్?"

సంచాలకులు అతని భుజం మీద చెయ్యి వేశారు. అంత పెద్ద అధికారి తనను ముట్టుకోవడం ఓబులేసు ఉద్యోగంలో అదే మొదటిసారి. "పూర్తిగా నాయనా. సగంలో ఆగిపోవడమే మన జబ్బు. చివరికంటా తిప్పు."

"మళ్ళా మూసేదెప్పుడు సార్?"

"తెరుచుకున్న తర్వాత దాన్ని మూసే శక్తి ఎవరికుంది?"

ఓబులేసు నావైపు ఒక్క చూపు చూశాడు. ఇనప తాళం భుజాన వేసుకుని, సైకిలెక్కి, కొండదారి పట్టాడు. సంచాలకులు అతను వెళ్ళినవైపు చాలాసేపు చూస్తూ ఉండిపోయారు. ఆ తర్వాత ఇడ్లీలు తిన్నారు.

వారంలోగా వారి కార్యాలయం నుంచి ఉత్తర్వు వచ్చింది. ఆ మాటను ప్రాంతంలోని పదకొండు ఊళ్ళ కార్యాలయాల్లో నల్లబల్లల మీద రాసి, నిర్ణీత గడువులోగా చర్యా నివేదికలు పంపవలసిందని. అందరూ పంపారు. చర్య ఏమిటో తెలియని చోట వాల్వు తిప్పేవాళ్ళను అడిగారు, వాళ్ళకు తెలుసు. పది ఊళ్ళలో నాలుగో వీధులకు నీళ్ళు వచ్చాయి. ఒక ఊళ్ళో వీధులు మూడే ఉన్నాయి. ఆ కమిషనర్, నాలుగో వీధి మంజూరు చేయవలసిందిగా పైకి రాశారు.

నేను గడ్డం గీసుకునే వేళను మళ్ళీ ఎనిమిదిన్నరకు మార్చుకున్నాను. కిటికీ కింద అరుగు ఎండిపోయి ఉంది. బిందె అడుగు రాసుకుని పడిన గుండ్రటి మరక మాత్రం అలాగే ఉంది. నా చేతిరాతకన్నా గుండ్రంగా ఉంది.

ఆషాఢంలో ఒకరోజు వామనమూర్తి గారు ట్యాంకు రిజిస్టరు తిరగేస్తూ ఆగారు. వేళల పట్టిక మార్చమని ఎవరూ చెప్పలేదు గనుక ఎవరూ మార్చలేదు. చివరి వరుసలో ఇంకా "రాబోయే తరం: తొమ్మిది నుంచి పది" అనే ఉంది. నీళ్ళు మాత్రం నాలుగో వీధికి పోతున్నాయి. ఓబులేసును పిలిపించారు.

"నాలుగో వీధి వాల్వు తిప్పుతున్నావు, బాగుంది. అది పైవారి ఆదేశం. మరి రాబోయే తరం సంగతేమిటి? వాళ్ళ వాటా ఎక్కడ?"

"ఆడనే ఉండాది సార్. నాలుగో వీధి చివరింట్లో. పొద్దున తొమ్మిదిన్నరకు నేనే చూసొచ్చినా."

"ఏం చేస్తోంది?"

"నీళ్ళు పోసుకుంటాంది సార్."

కమిషనర్ గారు ఉలిక్కిపడి నావైపు చూశారు. ఈ మూడు నెలల్లో ఆయన మా మాట ఒకటి నేర్చుకున్నారు.

"అప్పుడేనా?" అన్నారు.

ఈసారి అది ఉత్త స్నానమేనని నేను అర్థం విప్పి చెప్పాను. బిడ్డను కాళ్ళ మీద పడుకోబెట్టుకుని అత్త నీళ్ళు పోస్తుందనీ, మాబున్ని చెంబుతో అందిస్తుందనీ, పొక్కులు తగ్గాయనీ ఓబులేసు కలిపాడు. వామనమూర్తి గారు తన చూపుడువేలిని కాసేపు చూసుకున్నారు. తర్వాత ఆ రోజు చర్యా నివేదిక తెరిచి, రాయమన్నారు.

"రాబోయే తరం నీళ్ళు పోసుకుంటున్నది" అని రాశాను.

ఆయన దాని కింద సంతకం చేశారు. చదివి చేశారు.